కల్లు కోసం ఒకసారి, కల్లు మాని ఒకసారి

నర్సీపట్నం పైనున్న మన్యం కల్లు కోసం ఒకసారి తిరగబడింది. నలభై మూడేళ్ల తర్వాత అదే మన్యంలో ఒక యువ సన్యాసి కల్లు మానెయ్యమంటే, వినేవాళ్లూ దొరికారు. పైకి పొంతన లేని కథలే. సర్కారు ఖజానా వైపు నుంచి చూస్తే మాత్రం రెండూ ఒకటే.

మన్యంలో జీలుగు చెట్టును సారా కొట్టుతో జమకట్టకూడదు. గెల కొసను రోజూ పల్చగా చెక్కి కుండ కడతారు. తెల్లవారుతూనే దించిన కల్లు తియ్యగా ఉంటుంది. పొద్దెక్కేకొద్దీ పులిసి తలకెక్కుతుంది. ఇంట్లో గింజలు నిండుకునే ఎండాకాలంలో చాలామందికి అదే కడుపు నింపేది. మరీ కరువొస్తే చెట్టు కొట్టి, లోపలి మెత్తటి భాగాన్ని దంచి, పిండి తీసి జావ కాచుకునేవారు.

అలాంటి చెట్టు మీద ఆబ్కారీ (ఎక్సైజు) చట్టం పడింది. ఇంటి వాడకానికి కూడా గీయకూడదన్నారు; కల్లు హక్కును పాటదార్లకు కట్టబెట్టారు. రంప ప్రాంతపు మన్సబుదారు (జమీందారు) కల్లుగీత మీద వసూలు చేసే చిగురుపన్ను దానికి తోడైంది. 1879 మార్చిలో రంపలో లేచిన ఫితూరీ (తిరుగుబాటు) త్వరలోనే గొలుగొండ కొండలకు పాకింది.

ఆ యువ సన్యాసి, అల్లూరి సీతారామరాజు, కృష్ణదేవిపేటలో ఉన్న రోజులకు కాలం మారింది. సహాయ నిరాకరణ రోజుల్లో మద్రాసు రాష్ట్రమంతటా కల్లు దుకాణాల ముందు పికెటింగులు జరుగుతున్నాయి. తాను విరాగిలా బతుకుతూ, రాజు గిరిజనులకు చెప్పింది రెండు మాటలు: తాగుడు మానండి, తగవులు కోర్టుకెక్కించకుండా పంచాయతీలో తేల్చుకోండి. చూడ్డానికి నీతిబోధే. కానీ ఆబ్కారీ, కోర్టు ఫీజులు రెండూ సర్కారు రాబడి మార్గాలే కదా! గూడెం డిప్యూటీ తహసీల్దారు బాస్టియన్ రోడ్డు పనుల్లో కూలీలను పీడిస్తున్న రోజులవి. చివరికి 1922 ఆగస్టు 22న రాజు దళం చింతపల్లి పోలీసు స్టేషన్ మీద దాడి చేసింది, మర్నాడు కృష్ణదేవిపేట మీద.

తర్వాతి నిషేధాలు పైనుంచి వచ్చినవే. 1954లో ప్రకాశం పంతులు ప్రభుత్వం మద్యనిషేధం గొడవలోనే ఒక్క ఓటు తేడాతో పడిపోయింది. 1990లలో నెల్లూరు జిల్లా దూబగుంట ఆడవాళ్లు సారా మీద లేచినప్పుడు మాత్రం మళ్లీ కిందినుంచి కదలిక వచ్చింది. 1995 జనవరిలో ఎన్టీఆర్ సంపూర్ణ నిషేధం తెచ్చారు; 1997లో తర్వాతి ప్రభుత్వం ఖజానా ఇబ్బంది చూపి దాన్ని సడలించింది. 2019 అక్టోబరు నుంచి ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వమే గల్లాపెట్టె ముందు కూర్చుని సీసాలమ్మింది. 2024లో దుకాణాలు మళ్లీ ప్రైవేటు చేతికి వెళ్లాయి.