కోటగుమ్మము, రేవులు, లోగిళ్లు

రాజమహేంద్రవరమునకు క్రొత్తగా వచ్చినవారు కోటగుమ్మ మెక్కడ అని యడిగినచో ఎవరైనను దారి చూపుదురు. తీరా పోయి చూచినచో అచ్చట గుమ్మము కానరాదు; రద్దీగల యొక కూడలి మాత్రము కలదు. రాజమహేంద్రుడను బిరుదు అమ్మరాజుదా, రాజరాజనరేంద్రునిదా యను వాదము చరిత్రకారులలో ఉన్నది. మేమందులోనికి దిగము. 2015లో ప్రభుత్వము నగరమునకు ఆ పూర్తి పేరునే అధికారికముగ మరల నిలిపినది. నన్నయభట్టు మహాభారతము నాంధ్రీకరింప నారంభించిన యా 11వ శతాబ్దిలో ఇచ్చటి వీథు లెట్లుండెడివో చెప్పుటకు నేడొక్క యిల్లును మిగులలేదు. మట్టియు కలపయు వరదకును నిప్పునకును ఎన్నాళ్లు నిలుచును? రాయి నిలిచినది. ప్రధానవీథిలోని పాతమసీదు ద్వారముపై 1324 నాటి శాసనము నేటికిని ఉన్నది. వేణుగోపాలస్వామి యాలయమే మసీదైనదని చెప్పుదురు.

మనము నేడు పాతపట్టణమని చూచుచున్నది చాలవరకు 19వ శతాబ్దపు సృష్టి. ధవళేశ్వరము కడ కాటను దొర 1847లో ఆరంభించి 1852 నాటికి ముగించిన ఆనకట్ట వలన డెల్టాలో వరి పండినది. కాలువలలో పడవలు నడచినవి. ధాన్యపు సొమ్ము రాజమహేంద్రికి చేరెను. కచేరీలు, కళాశాల, ముద్రణాలయములు వచ్చెను. వకీళ్లు, ఉపాధ్యాయులు, వర్తకులు ఇన్నీసుపేట మొదలగు పేటలలో ఇండ్లు కట్టుకొనిరి. 1900లో రైలువంతెన తెరచువరకు ఈ యూరికి నదియే పెద్దబాట.

ఆ యిండ్లను గూర్చి కొంత చెప్పవలయును. వీథివైపున ఎత్తయిన అరుగులు. అవి ఇంటివారివే యైనను ఎండవేళ బాటసారికిని స్వంతమే. లోపల మండువా. నాలుగువైపుల పెంకుటికప్పు లోనికి వాలియుండును. నడుమ ఆకాశము. వానకాలమున నాలుగు చూరుల నీరును అచ్చటనే పడి, తూమువెంట వీథి కాలువలోనికి పోవును. చుట్టును టేకు స్తంభములు. ఆ టేకు భద్రాచలము పైయడవులనుండి దుంగలై, తెప్పలుగా కట్టబడి, పాపికొండల నడుమ గోదావరి మీదుగ దిగి వచ్చినదే. అనగా ఇంటిని మోయు కలపను కూడ నదియే మోసికొని వచ్చినది. మాటలాడుటయే వృత్తిగాగల మేము ఒక మండువాలో నిలిచి పలికి చూచితిమి. గొంతు గోడలకు తగిలి తిరిగి రాదు. నెమ్మదిగ పైకి పోవును. మా స్టూడియోలకంటె అదియే బాగుగనున్నదనిపించినది.

వంకాయలవారి వీథిలోని కందుకూరి వీరేశలింగము పంతులుగారి యిల్లు నేడు స్మారకముగ నిలిచియున్నది. 1881 డిసెంబరు 11న తొలి వితంతు వివాహమును పంతులుగారు చేయించినది ఈ యూరనే. వరుడు గోగులపాటి శ్రీరాములు, వధువు గౌరమ్మ. కాకినాడ వర్తకులు పైడా రామకృష్ణయ్యగారు ధనసహాయము చేసిరి. విద్యార్థులు వెంట నిలిచిరి. ఊరు మాత్రము వెలివేసినది. వంటవారును, నీళ్లు తెచ్చువారును మానుకొనిరి. అప్పుడు పంతులుగారి భార్య రాజ్యలక్ష్మమ్మగారు తామే గోదావరికి పోయి బిందెలతో నీళ్లు మోసి, వచ్చినవారికి వండిపెట్టిరి. ఉపన్యాసముల చరిత్ర గ్రంథములకెక్కినది. ఆ బిందెలకు రావలసినంత స్థలము రాలేదని మా యభిప్రాయము. రేవునుండి ఇంటివరకు, ఇరుప్రక్కల అరుగులపై కూర్చున్నవారి చూపులనడుమ, నిండుబిందెతో నడుచుట ఏపాటి సాహసమో ఇటువంటి వీథులలో తిరిగినగాని తెలియదు.

గట్టుమీదనే దామెర్ల రామారావు చిత్రశాల కలదు. 1897లో ఈ నగరముననే పుట్టి, కళాశాలాధ్యక్షుడు కూల్డ్రే దొర ప్రోత్సాహమున చిత్రకారుడై, 1925లో ఇరువదియెనిమిదేండ్లైనను నిండకమునుపే గతించిన యాయన చిత్రములు అందున్నవి. తొందరపడక చూడవలెను.

ఇక రేవులు. కోటిలింగాల రేవు, పుష్కరాల రేవు ఊరివారికి నిత్యవ్యవహారము. పండ్రెండేండ్లకొకమారు దేశమంతయు అచ్చటికి దిగును. 2015 జూలై 14న, పుష్కరముల తొలిదినముననే, పుష్కరాల రేవులోని త్రొక్కిసలాటలో 27 మంది మరణించిరి. ఇరుకును ముచ్చటగ వర్ణించు మావంటివారు ఆ దినమును మరువరాదు. 2027 పుష్కరములకు మెట్లు, బాటలు విశాలము కావలసినదే. కాని బాట వెడల్పునకును లోగిలి కూల్చుటకును ఎల్లప్పుడు సంబంధము లేదు. అన్నదమ్ములు పంచుకొనుటకు మండువా వీలుపడదు. నడుమనున్న ఆకాశమున కెవరు వాటాదారు? కావున ఇల్లు పడును, అంతస్తులు లేచును.

పడినయింటి స్తంభములు మాత్రము వ్యర్థము కావు. పాతకలప కొనువారు వచ్చి, బేరమాడి, లారీల కెత్తించుకొని పోవుదురు. నదిమీద తెప్పలై వచ్చిన టేకు ఇప్పుడు తారురోడ్డు మీద వెడలిపోవుచున్నది.