మూడు ప్రతుల న్యాయం

చైనా యుద్ధకళల సినిమాల్లో రాజుల కాలపు నేర పరిశోధకుడు ఇళ్ల కప్పుల మీద పరుగెత్తుతాడు, గాల్లో కత్తి తిప్పుతాడు, ఏలినవారి అండతో ఎవరి గడపనైనా తొక్కుతాడు. 2010లో సూయ్ హార్క్ తీసిన ‘డిటెక్టివ్ డీ’లో ఆండీ లావ్ వేసిన దీ రెన్‌జియె పాత్ర అలాంటిదే. 2012లో గోర్డన్ చాన్ తీసిన ‘ది ఫోర్’లో నలుగురు పరిశోధకులకూ మానవాతీత శక్తులుంటాయి. 2014లో వచ్చిన ‘బ్రదర్‌హుడ్ ఆఫ్ బ్లేడ్స్’ మింగ్ వంశపు రహస్య భటుల కథ. ఈ సినిమాలన్నిటి వెనకా ఒక నమ్మకం ఉంది: నిజాన్ని వెలికితీసేది వీరుడి బలం, తెగువ. చరిత్ర మిగిల్చిన సాక్ష్యం అందుకు ఒప్పుకోదు. చైనా సామ్రాజ్యంలో నేర పరిశోధన సాధించిన అసలు ఘనత ఒక అధికారి రాసిన దాన్ని మరో అధికారి తిరిగి పరీక్షించే ఏర్పాటులో ఉంది. ఆ ఏర్పాటును పక్కకు నెట్టి పరిశోధకుడికి అడ్డులేని అధికారం కట్టబెట్టినప్పుడు నిర్దోషులు బలయ్యారు.

ఈ ఏర్పాటు వేళ్లు చాలా లోతున ఉన్నాయి. 1975లో హుబే రాష్ట్రంలోని షుయిహుది అనే చోట ఒక సమాధిలో వెయ్యికి పైగా వెదురు పలకలు దొరికాయి. సమాధి క్రీస్తు పూర్వం 3వ శతాబ్దంలో చిన్ రాజ్యంలో పనిచేసిన ఒక చిన్న అధికారిది. ఆ పలకల్లో దొంగతనం, హత్య, ఉరి వంటి కేసుల్లో నివేదిక ఎలా రాయాలో చెప్పే నమూనాలున్నాయి. ఇంటికి కన్నం పడితే కన్నం కొలతలు, గోడ మీద పనిముట్టు గుర్తులు, మట్టిలో దొంగ మోకాళ్లూ చేతులూ ఆనిన జాడలు రాయాలి. ఉరి కేసైతే తాడు ముడి ఎక్కడుంది, మెడ మీద ఒరుపు ఎలా ఉంది, తాడు విప్పినప్పుడు నోటి నుంచి గాలి వచ్చిందా అన్నవి చూడాలి. విచారణ గురించి కూడా అందులో ఒక మాట ఉంది. నిందితుడు చెప్పిన మాటల వెంటే వెళ్లి, కొట్టకుండా నిజం రాబట్టడమే మేలైన పద్ధతి. కొట్టి రాబట్టడం దానికంటే తక్కువది. కఠిన శిక్షలకు పేరుమోసిన చిన్ రాజ్యమే రెండు వేల రెండు వందల ఏళ్ల కిందట తన కింది ఉద్యోగులకు ఇలా నేర్పిందంటే, భయం నిజాన్ని చెడగొడుతుందని పాలకులకు అనుభవం మీద తెలిసిందనుకోవాలి.

సోంగ్ వంశపు కాలానికి ఈ ఆలోచన గట్టి పద్ధతిగా మారింది. అనుమానాస్పద మరణం జరిగితే అధికారి స్వయంగా వెళ్లి శవాన్ని చూడాలి. పని కిందివాళ్లకు వదిలేస్తే శిక్ష తప్పదు. మొదటి పంచనామా తర్వాత వేరే అధికారి వచ్చి రెండోది చేయాలి. 1174లో పంచనామాకు ఒక అచ్చు పత్రం వచ్చింది. దాన్ని మూడు ప్రతులుగా నింపి ఒకటి స్థానిక కచేరీకి, ఒకటి పై న్యాయాధికారికి, ఒకటి మృతుడి కుటుంబానికి ఇవ్వాలి. నా దృష్టిలో ఆ మూడో ప్రతి చైనా న్యాయ చరిత్రలో ఏ కత్తికన్నా పదునైనది. చనిపోయినవాడి మనుషుల చేతిలో ప్రభుత్వ కాగితం ఉందంటే, తర్వాత దాన్ని మార్చి రాయడం అంత తేలిక కాదు. 1211 నుంచి మనిషి ముందు వైపు, వెనక వైపు బొమ్మలు గీసిన పత్రం కూడా జతపడింది. గాయం ఎక్కడుందో ఆ బొమ్మ మీదే గుర్తు పెట్టాలి. చదువు రానివాళ్లకు కూడా అది అర్థమవుతుంది. న్యాయాధికారిగా పలుచోట్ల పనిచేసిన సోంగ్ త్సి 1247లో ఈ అనుభవాన్నంతా ‘షీ యువాన్ జీ లు’ అనే పుస్తకంగా కూర్చాడు. అందులో ఒక కేసు ప్రసిద్ధం. కొడవలితో హత్య జరిగితే అధికారి ఊళ్లో కొడవళ్లన్నీ తెప్పించి ఎండలో పరిపించాడు. కడిగినా పోని రక్తం వాసనకు ఈగలు ఒక్క కొడవలి మీదే వాలాయి. అక్కడ గెలిచింది ఓపిక, పరిశీలన.

ఇక కత్తి పట్టిన అధికారం ఏం చేసిందో చెప్పడానికి సినిమా నాయకుడైన దీ రెన్‌జియె జీవితమే సాక్ష్యం. ఆయన 630లో పుట్టి 700లో మరణించిన తాంగ్ వంశపు అధికారి. రాజధాని న్యాయస్థానంలో ఉన్నప్పుడు ఒక్క ఏడాదిలో 17 వేల మందికి సంబంధించిన పాత కేసులు తేల్చాడని, ఎవరూ అన్యాయమని మొరపెట్టుకోలేదని వంశ చరిత్ర రాసింది. ఆ లెక్కలో పొగడ్త పాలు ఉండవచ్చు. కానీ ఆయనకు పేరు తెచ్చింది కేసుల దస్త్రాలన్నది మాత్రం నిజం. 692లో సామ్రాజ్ఞి వూ జెతియన్ దగ్గర రహస్య విచారణల్లో ఆరితేరిన లాయ్ జున్‌చెన్ ఆయన మీద రాజద్రోహం మోపాడు. అడిగిన వెంటనే దీ నేరం ఒప్పుకున్నాడు. తర్వాత దుప్పటి గుడ్డ చింపి దాని మీద మొర రాసి, శీతాకాలపు బట్టల్లో దాచి ఇంటికి పంపాడు. కొడుకు దాన్ని సామ్రాజ్ఞికి చేర్చాడు. ఎందుకు ఒప్పుకున్నావని ఆమె అడిగితే, ఒప్పుకోకపోతే దెబ్బలకే చచ్చిపోయేవాణ్ననే అర్థంలో జవాబిచ్చాడు. ప్రాణం దక్కింది గానీ పదవి పోయి పెంగ్జె అనే చిన్న జిల్లాకు వెళ్లాల్సి వచ్చింది. దేశంలోకెల్లా పేరున్న న్యాయాధికారి కూడా ఆ విచారణ గదిలో నోటితో నిజం చెప్పి బతకలేకపోయాడు. ఆయన్ను కాపాడింది బయటికి వెళ్లిన ఒక రాత.

మింగ్ వంశంలోనూ ఇదే జరిగింది. 1382లో హోంగ్‌వూ చక్రవర్తి జిన్‌యీవే అనే దళాన్ని పెట్టి, మామూలు న్యాయస్థానాలతో పని లేకుండా పట్టుకుని విచారించే అధికారం ఇచ్చాడు. అయిదేళ్లకే దాని చిత్రహింసల సాధనాలు తగలబెట్టించి, ఖైదీలను న్యాయశాఖకు అప్పగించమన్నాడు. అయితే ఆ అధికారాలు తర్వాతి పాలనలో తిరిగొచ్చాయి. 1420లో దానికి తోడు తూర్పు కచేరీ పేరుతో నపుంసక అధికారుల నిఘా సంస్థ కూడా పుట్టింది. మరోపక్క, సినిమాల్లో మెరిసిపోయే భటులు మామూలు జిల్లాల్లో ఎలా బతికారో కూడా చూడాలి. చింగ్ వంశంలో దొంగలను పట్టే భటుడి పని నీచమైనదిగా లెక్క. వాళ్లకూ వాళ్ల పిల్లలకూ ప్రభుత్వ పరీక్షలు రాసే అర్హత లేదు. గడువులోగా దొంగను పట్టకపోతే అధికారి భటుడినే కొట్టించేవాడు. అలాంటి భటుడు వీపు కాపాడుకోవడానికి దొరికినవాణ్ని దొంగగా చూపించాడంటే ఆశ్చర్యం లేదు.

ఇక్కడ న్యాయమైన అభ్యంతరం ఒకటి వస్తుంది. పద్ధతి పద్ధతి అంటున్నాం గానీ, ఆ పద్ధతిలోనే కొట్టడం ఉంది కదా? ఉంది. 653లో వచ్చిన తాంగ్ చట్టం విచారణలో దెబ్బలను అనుమతించింది. మూడు విడతలకు మించకూడదని, మొత్తం 200 దాటకూడదని హద్దు పెట్టింది. ఆ హద్దు కూడా క్రూరమైనదే. శిక్ష వేయాలంటే నేరం ఒప్పుకోలు కావాలన్న పట్టుదల ఆ వ్యవస్థకు పట్టిన పెద్ద జబ్బు. 1873లో జెజియాంగ్‌లో యాంగ్ నైవూ అనే చదువుకున్నవాడు, బీ అనే స్త్రీ కలిసి ఆమె భర్తకు విషం పెట్టారని కేసు పెట్టారు. ఇద్దరినీ హింసించి ఒప్పించారు. ఒకరి వెంట ఒకరుగా పై అధికారులు అదే తీర్పును బలపరిచారు. అయినా కుటుంబం మొరలు ఆపలేదు, షాంఘై పత్రిక ‘షెన్ బావ్’ ఆ కేసును వదలలేదు. చివరికి శవపేటికను బీజింగ్‌కు తెప్పించి ఎముకలు పరీక్షిస్తే విషం జాడ లేదని తేలింది. 1877లో ఇద్దరూ విడుదలయ్యారు, పలువురు అధికారుల ఉద్యోగాలు పోయాయి. చూడండి, ఆ ఇద్దరినీ చావు అంచుకు తోసింది హింస. వెనక్కి లాగింది మళ్లీ పరీక్షించే అవకాశం. పద్ధతి తనంతట తానే మంచిది కాదు. కానీ తప్పును దిద్దుకునే తలుపు దానికి ఉంది, రహస్య విచారణకు లేదు.

సోంగ్ త్సి పుస్తకంలో శాస్త్రానికి నిలవని సంగతులున్నాయన్నది మరో అభ్యంతరం. బంధుత్వం తేల్చడానికి ఎముకల మీద రక్తం చుక్కలు వేసి చూడమనడం అలాంటిదే. ఆ తప్పులు వాస్తవమే. అయితే ఏ గుర్తు చూసి ఏ నిర్ణయానికి వచ్చారో రాసి ఉంచారు కాబట్టే తర్వాతివాళ్లు తప్పెక్కడుందో వేలు పెట్టి చూపగలిగారు. సినిమా వినోదం కోసమే కదా అనేవాళ్లూ ఉంటారు. వినోదానికి అడ్డు చెప్పాల్సిన పని లేదు. కానీ పరిశోధకుడి చేతులకు చట్టం కట్టిన తాళ్లు విప్పేస్తేనే న్యాయం దొరుకుతుందని కథలు పదే పదే చెబితే, ఆ మాట తెర దాటి జనం మనసుల్లో స్థిరపడుతుంది. చైనా చరిత్ర నేర్పేది దానికి పూర్తిగా విరుద్ధం. విచారించేవాడు ఎంత సమర్థుడైనా, తాను రాసింది ఇంకొకరు చదివి ప్రశ్నించగలిగినంత వరకే అతను నమ్మదగినవాడు.