బజుల్లా రోడ్డులో సత్రంవాడు

1977 వేసవి. ఇంకా పూర్తిగా తెల్లారలేదు. మద్రాసు టీ నగర్, బజుల్లా రోడ్డు. రాత్రి దొరవారిసత్రంలో ప్యాసింజరెక్కావు. సెంట్రల్ స్టేషన్లో తువ్వాలు పరుచుకుని కునుకు తీశావు. దారి అడుక్కుంటూ ఇక్కడికొచ్చేసరికి గేటు ముందు అప్పటికే జనం. అన్నీ గుండ్లే. తిరుపతిలో తలనీలాలిచ్చి, టూరిస్టు బస్సుల్లో అటునుంచి అటే వచ్చారు. కొండ మీది దేవుడి దర్శనమైంది, ఇక ఎన్టీ రామారావును చూడాలి. ఇంతమందిలో జుట్టున్నది నీ ఒక్కడికే.

"ఏ ఊరు నాయనా?" అంటుంది పక్కనున్న ముసలామె. నెత్తిన రాసిన గంధం ఎండి, పొడిపొడిగా భుజం మీద రాలుతోంది. చేతిలో లడ్డూ పొట్లం, దాన్నిండా నెయ్యి మరక.

"దొరవారిసత్రం."

"అదెక్కడ?"

"సూళ్లూరుపేట కాడ, అవ్వా. రైల్లో మూడు గంటలు."

"అయితే పక్కూరోడివే! రోజూ వచ్చి చూసిపోవచ్చుగా."

నవ్వొస్తుంది. సంక్రాంతికి వచ్చిన 'దాన వీర శూర కర్ణ' గుర్తొస్తుంది. కృష్ణుడు, కర్ణుడు, దుర్యోధనుడు ముగ్గురూ ఆయనే, దర్శకుడూ ఆయనే. ఇప్పుడు వీళ్లలో ఎవరు బయటికొస్తారో!

గేటు తెరుచుకుంటుంది. ఎవరూ చెప్పకుండానే అందరూ చెప్పులు విడుస్తారు. నీ ఎడమ చెప్పుకు తెగిన వారు దగ్గర పిన్నీసుంది. దాన్ని కాలితో కుప్ప కిందికి నెడతావు.

ఆయన వచ్చేశాడు. కిరీటం లేదు, గద లేదు. రెండు చేతులూ జోడించాడు. "మా రాముడే" అని అవ్వ చెంపలేసుకుంటుంది. దారి పొడుగునా కూడబెట్టుకొచ్చిన మాటల్లో ఒక్కటీ నీ నోటికి రాదు. ఆయన చూపు ఆ చివరినుంచి ఈ చివరికి సాగుతూ నీ మీదుగా కూడా పోతుంది. అంతే. షూటింగుకు వేళయింది. వెనక బస్సు హారన్ కొడుతోంది.

సత్రం పేరున్న ఊరివాడివి. ఆగడమే తప్ప ఉండిపోవడం లేదని నీకొకరు చెప్పాలా?

అయిదేళ్లకు, 1982లో, ఆయనే పార్టీ పెట్టి, చైతన్యరథమెక్కి ఊళ్లవెంట తిరుగుతాడు. జనం వాకిళ్ల ముందుకొచ్చి దండం పెట్టే వంతు అప్పుడు ఆయనది. ఆ సంగతి ఈ పొద్దున గేటుకు అటువైపు వాళ్లకీ తెలీదు, ఇటువైపు వాళ్లకీ తెలీదు. నువ్వు మాత్రం చెప్పుల కుప్పలో వంగి, పిన్నీసున్న చెప్పు కోసం వెతుక్కుంటున్నావు.