మా బూర్గంపాడు, వాళ్ల కిర్కుక్

2014 మార్చిలో ఒకరోజు ఆఫీసులో బిల్డ్ నడుస్తోంది. ఎలాగూ ఖాళీయే కదా అని రాష్ట్ర పునర్విభజన చట్టం పీడీఎఫ్ తెరిచాను. మూడో సెక్షన్‌లో తెలంగాణకు వచ్చే జిల్లాల పేర్లున్నాయి. ఖమ్మం దగ్గర మాత్రం ఒక బ్రాకెట్. 2005 జూన్ 27 నాటి 111 నంబరు జీవోలోని ముంపు గ్రామాలు మినహా, బూర్గంపాడు మండలంలో బూర్గంపాడు, సీతారామనగరం, కొండ్రెక గ్రామాలు మినహా అని. బూర్గంపాడు మా అమ్మమ్మగారి ఊరు. అంటే బ్రాకెట్లో పడింది మా ఊరే!

మామయ్యకు ఫోన్ చేసి చదివి వినిపించాను. ఆయన కాసేపు మాట్లాడలేదు. "అయితే అల్లుడూ, ఇప్పుడు మనం ఎటు?" అన్నారు చివరికి.

కథ అక్కడితో ఆగలేదు. తెలంగాణ పుట్టడానికి నాలుగు రోజుల ముందు, మే 29న ఆర్డినెన్స్ వచ్చింది. ముంపు ఊళ్లను ఒక్కొక్కటిగా ఏరితే మధ్యలో మిగిలినవి ద్వీపాల్లా ఉండిపోతాయి. నిర్వాసితులకు కొత్త కాలనీలు కట్టడానికి భూమి కూడా కావాలి. అందుకని పోలవరం కోసం మండలాలకు మండలాలే ఆంధ్రప్రదేశ్‌లో కలిపేశారు. చింతూరు, కూనవరం, వరరామచంద్రాపురం, కుక్కునూరు, వేలేరుపాడు పూర్తిగా వెళ్లాయి. భద్రాచలం మండలం పోయి పట్టణం మిగిలింది. బూర్గంపాడు మండలంలో సీతారామనగరం, ఇబ్రహీంపేట, రావిగూడెం లాంటి ఆరు రెవెన్యూ గ్రామాలు వెళ్లి మిగతావి ఆగాయి. ఆగినవాటిలో బూర్గంపాడు ఉంది, కాగితం మిల్లున్న సారపాక కూడా ఉంది (యాదృచ్ఛికమే అనుకుందాం). మార్చిలో పోయిన మా ఊరు మే నెలలో తిరిగొచ్చింది. మా భాషలో చెప్పాలంటే రిలీజుకి నాలుగు రోజుల ముందు హాట్‌ఫిక్స్ అన్నమాట. జూలై 11న లోక్‌సభలో గొడవల మధ్య, 14న రాజ్యసభలో బిల్లు పాసయింది. మూడో అధికరణం కింద శాసనసభ అభిప్రాయం అడగాలి కదా అని తెలంగాణవాళ్లు మొత్తుకున్నారు. పనిలేకపోయింది.

ఇప్పుడు కిర్కుక్ ఎందుకంటారా? అదే నెలలో, జూన్ 12న, ఐసిస్ దెబ్బకు ఇరాక్ సైన్యం పారిపోతే కుర్దుల పెష్మెర్గా కిర్కుక్‌ని పట్టుకుంది. టీవీలో ఒక చానల్లో అది, ఇంకో చానల్లో ఏడు మండలాలు. అప్పట్నుంచి రెండూ కలిపే చదువుతున్నాను.

1970 మార్చి 11న బాగ్దాద్ కుర్దులకు స్వయంపాలన ఇస్తానని ఒప్పుకుంది. కుర్దులు ఎక్కువగా ఉన్న ప్రాంతాలేవో జనాభా లెక్కలతో తేలుద్దామన్నారు. కిర్కుక్ కింద చమురుంది, ఆ లెక్కలు తీయనేలేదు. 1974లో కిర్కుక్ లేని స్వయంపాలన చట్టం ఇచ్చారు. ముస్తఫా బర్జానీ వద్దన్నాడు, యుద్ధమైంది. 1975లో ఇరాన్ చెయ్యి వదిలేయగానే ఓడిపోయాడు. 2005 రాజ్యాంగంలో 140వ అధికరణం పెట్టారు: 2007 డిసెంబర్ 31లోగా జనగణన, రెఫరెండం అని. అదీ జరగలేదు. 2017 సెప్టెంబర్‌లో కుర్దులు సొంతంగా స్వాతంత్ర్యంపై ఓటింగ్ పెట్టుకుంటే 90 శాతం పైగా అవునన్నారు. మూడు వారాలకు, అక్టోబర్ 16న, ఇరాక్ సైన్యం కిర్కుక్‌ని వెనక్కి తీసుకుంది.

మనదగ్గర తుపాకులు లేవు, ఆ పోలికని అతిగా సాగదీయను. కానీ వాళ్లకి చమురు, మనకి నీళ్లు. అక్కడ అడుగుతామని రాసి అడగలేదు, ఇక్కడ అడుగుతామని రాయనే లేదు.

"భద్రాచలం అసలు ఆంధ్రదే" అనే వాదన చాలాసార్లు విన్నాను. సగం నిజం. గోదావరి ఎడమ గట్టుని నిజాం 1860లో బ్రిటిష్‌వాళ్లకిచ్చాడు. మధ్యపరగణాల్లో ఎగువ గోదావరి జిల్లాగా ఉండి, 1874లో మద్రాసు వైపు గోదావరి జిల్లాకొచ్చింది. 1959లో తూర్పుగోదావరి నుంచి ఖమ్మానికి మార్చారు. కాని కుక్కునూరు, వేలేరుపాడు, బూర్గంపాడు ఉన్నది కుడిగట్టున. అవి హైదరాబాద్ సంస్థానంలో భాగం, ఏనాడూ మద్రాసు రాష్ట్రం కాదు. చరిత్ర ప్రకారం గీత గీస్తే నది వెంట గీయాలి. గీసింది డ్యాము నీళ్ల వెంట.

రెండు గట్లా ఉన్నది కోయలు. ఐదో షెడ్యూలు ప్రాంతం. 1996 పెసా చట్టం ప్రకారం భూసేకరణకు ముందు గ్రామసభను సంప్రదించాలి. "మావ నాటె మావ రాజ్" అనే నినాదం ఆ అడవుల్లో గోడల మీద చూశాను, మా ఊళ్లో మా రాజ్యం అని అర్థం. ఊళ్లో రాజ్యం సంగతి సరే, ఊరు ఏ రాష్ట్రంలో ఉండాలో కూడా వాళ్లనడగలేదు. 2014 ఏప్రిల్ 30న తెలంగాణ శాసనసభకు ఓటేశారు, నెల తిరిగేసరికి వేరే రాష్ట్రం. ఎమ్మెల్యే హైదరాబాదులో, రేషన్‌కార్డు ఆంధ్రలో. 2018లో గానీ నియోజకవర్గాలు సర్దలేదు. 2022 ఏప్రిల్‌లో మళ్లీ జిల్లాలు మారాయి: కొన్ని అల్లూరి సీతారామరాజు జిల్లాకి, కుక్కునూరు, వేలేరుపాడు ఏలూరుకి.

ఆ జూలైలో భద్రాచలం దగ్గర గోదావరి 71 అడుగులు దాటింది. 1986 ఆగస్టులో వచ్చిన 75.6 తర్వాత అదే పెద్దది. పోలవరం వల్లే అని తెలంగాణ, కాదని ఆంధ్ర. ఎటపాక, గుండాల, పురుషోత్తపట్నం, కన్నాయిగూడెం, పిచుకలపాడు, ఈ ఐదూళ్లూ తిరిగివ్వమని తెలంగాణ మళ్లీ అడిగింది. రాముడి గుడి తెలంగాణలో, ఆయన మాన్యం మాత్రం పురుషోత్తపట్నంలో, అంటే ఆంధ్రలో.

ఆ వరద తగ్గాక మామయ్యతో చర్ల వెళ్లాను. భద్రాచలం దాటగానే "ఆంధ్రప్రదేశ్‌కు స్వాగతం" అన్న బోర్డు. కాసేపటికి మళ్లీ తెలంగాణ. "ఇంతకీ మనం ఎటు?" అన్నాను నవ్వుతూ. మామయ్య నవ్వలేదు. కిటికీలోంచి చేలమీద మేటవేసిన బురద చూస్తున్నారు.