ముప్పై ఏళ్ల వాయిదా: అమెరికాలో ఇంటి అప్పు అసలు ఖరీదు

అమెరికాలో అప్పు చేసి ఇల్లు కొనేవారిలో అత్యధికులు ఎంచుకునేది 30 ఏళ్ల స్థిర వడ్డీ రుణం. సంతకం పెట్టిన రోజు ఎంత వడ్డీ రాసుకున్నారో చివరి వాయిదా దాకా అదే. మధ్యలో మార్కెట్ రేట్లు ఆకాశానికెక్కినా అప్పిచ్చినవారు ఒక్క డాలరు పెంచి అడగలేరు. రేట్లు పడిపోతే మాత్రం అప్పు తీసుకున్నవారు పాతది తీర్చేసి చౌకగా కొత్తది తెచ్చుకోవచ్చు; చాలావరకు జరిమానా కూడా ఉండదు. రెండు వైపులా పుచ్చుకున్నవారికే అనుకూలంగా ఉండే ఇలాంటి అప్పు ప్రపంచంలో చాలా తక్కువ చోట్ల దొరుకుతుంది. డెన్మార్క్ అందులో ఒకటి. హైదరాబాదులోనో విజయవాడలోనో ఫ్లాటు కొన్నవారికి ఇది వింతగానే తోస్తుంది. భారతదేశంలో గృహరుణాలు ఎక్కువగా మారే వడ్డీవి. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి లోపు రిజర్వ్ బ్యాంకు రెపో రేటును 4 నుంచి 6.5 శాతానికి పెంచినప్పుడు, ఈఎంఐ మారకుండానే గడువు ఏళ్ల తరబడి సాగిపోయిన ఇళ్లు ఎన్నో. అమెరికా పద్ధతిలో ఆ బెడద లేదు. కానీ దానికీ మూల్యం ఉంది, అది నెలవాయిదా అంకెలో కనిపించదు. ఈ పద్ధతి పుట్టుక తెలిస్తే ఆ మూల్యం ఎక్కడ దాక్కుందో తెలుస్తుంది.

1831లో ఫిలడెల్ఫియా పక్కనున్న ఫ్రాంక్‌ఫర్డ్‌లో కొందరు కూడి ఆక్స్‌ఫర్డ్ ప్రావిడెంట్ బిల్డింగ్ అసోసియేషన్ పెట్టుకున్నారు. సభ్యులు నెలనెలా కొంత వేస్తారు. పోగైన సొమ్ము ఇల్లు కావలసినవారికి వంతుల మీద అందుతుంది. చీటీలు వేసినవారికి ఇంతకంటే వివరించనక్కర్లేదు. మొదటి అప్పు, 375 డాలర్లు, వీధి దీపాలు వెలిగించే పనిచేసే కామ్లీ రిచ్‌కు దక్కింది. ఇలాంటి సంఘాలు దేశమంతా పాకాయి.

బ్యాంకులు, బీమా కంపెనీలు ఇచ్చే అప్పు తీరు వేరు. 1920లలో ఇంటి విలువలో సగమో, కొంచెం ఎక్కువో ఇచ్చేవారు. గడువు సాధారణంగా మూడు నుంచి ఐదేళ్లు. అందాకా వడ్డీ మాత్రమే కడుతూ పోవాలి, గడువు తీరిన రోజు అసలంతా ఒకేసారి తేవాలి. ఎవరూ తెచ్చేవారు కాదు, పత్రం తిరగరాయించుకునేవారు. చాలనిదానికి ఎక్కువ వడ్డీకి రెండో తాకట్టు పెట్టేవారు. 1929లో మార్కెట్ కూలాక తిరగరాసే చెయ్యి కరువైంది. బ్యాంకులే మూతపడుతుంటే పాత పత్రానికి మళ్లీ గడువిచ్చేదెవరు? 1933 నాటికి రోజుకు సుమారు వెయ్యి ఇళ్లు జప్తు అవుతుండేవి. అలా ఇల్లు పోగొట్టుకున్నవారిలో వడ్డీ ఎన్నడూ తప్పనివారూ ఉన్నారు. అసలు ఒక్కసారిగా మీద పడటమే వారిని ముంచింది.

1933 జూన్‌లో రూజ్వెల్ట్ ప్రభుత్వం హోమ్ ఓనర్స్ లోన్ కార్పొరేషన్‌ను నెలకొల్పింది. బ్యాంకులకు బాండ్లు ఇచ్చి మొండిపడిన అప్పులను తన చేతికి తీసుకుని, ఇంటివారికి 15 ఏళ్ల గడువుతో, 5 శాతం వడ్డీకి తిరగరాసింది. ప్రతి నెలా వడ్డీతో పాటు అసలులో కొంత తీరేలా లెక్క కట్టింది. మూడేళ్లలో పది లక్షలకు పైగా ఇళ్ల అప్పులను ఇలా తిరగరాసింది. మరుసటి ఏడు వచ్చిన ఫెడరల్ హౌసింగ్ అడ్మినిస్ట్రేషన్, అంటే ఎఫ్‌హెచ్ఏ, తాను అప్పివ్వకుండా, ఇచ్చినవారికి హామీగా బీమా ఇచ్చింది: ఇంటి విలువలో 80 శాతం దాకా, 20 ఏళ్లకు. 1938లో చిన్న కొత్త ఇళ్లకు అది 90 శాతం, 25 ఏళ్లు అయింది. యుద్ధం నుంచి తిరిగొచ్చిన సైనికుల ఇంటి అప్పులకూ హామీ ఇస్తూ 1944లో జీఐ బిల్లు వచ్చింది. 1948లో కొత్త ఇళ్లకు, 1950ల నడిమికి పాత ఇళ్లకూ గడువు 30 ఏళ్లకు చేరింది.

ఈ వరుసలో గమనించవలసింది ఒకటుంది. ప్రతి మెట్టులోనూ వాయిదా తేలికైంది నిజమే. దాన్ని తేలిక చేసింది ముఖ్యంగా కాలం. ఒక ఉదాహరణతో చూస్తే ఈ కిటుకు స్పష్టమవుతుంది. 4 లక్షల డాలర్ల అప్పును 6.5 శాతం వడ్డీకి 15 ఏళ్లలో తీరిస్తే నెలకు 3,484 డాలర్లు, మొత్తం వడ్డీ సుమారు 2.27 లక్షలు. 25 ఏళ్లకైతే నెలకు 2,701, వడ్డీ 4.10 లక్షలు. 30 ఏళ్లకు నెలకు 2,528, వడ్డీ 5.10 లక్షలు. చివరి రెండూ పక్కపక్కన పెట్టాలి: 25ను 30 చేసినందుకు నెలకు మిగిలేది 173 డాలర్లు, అదనంగా పోయే వడ్డీ లక్ష డాలర్లు. గడువు సాగేకొద్దీ వాయిదా తగ్గడం మందగిస్తుంది, వడ్డీ మాత్రం తడిసి మోపెడవుతుంది.

ఈ దీర్ఘకాల అప్పు సౌకర్యం అందరికీ అందలేదు. ప్రభుత్వ సంస్థలు నగరాలను పేటలుగా విడదీసి పటాలు గీశాయి. నల్లజాతివారు ఉండే పేటలు చాలావరకు అప్పుకు ప్రమాదమని చెప్పే ఎరుపు రంగులోకి వెళ్లాయి. అక్కడి అప్పులకు ఎఫ్‌హెచ్ఏ బీమా దాదాపు దొరికేది కాదు. న్యూయార్క్ శివార్లలో 1947 నుంచి వేల ఇళ్లతో లేచిన లెవిటౌన్‌లో ఇళ్లు తెల్లవారికే అని ఒప్పందాల్లోనే రాసుకున్నారు. షికాగోలో బ్యాంకు అప్పు పుట్టని నల్లజాతి కుటుంబాలు ఇల్లు ‘కాంట్రాక్టు’ మీద కొనేవి. దళారి చౌకగా కొన్న ఇంటిని రెట్టింపు దాకా పెంచి వాయిదాల మీద అమ్మేవాడు; చివరి వాయిదా కట్టేదాకా హక్కుపత్రం అతని దగ్గరే. ఒక్క వాయిదా తప్పితే అందాకా కట్టినదంతా పోయి కుటుంబం వీధిన పడేది, అదే ఇల్లు ఇంకొకరికి అమ్ముడయ్యేది. ఇంటి అప్పు ఖరీదు గురించిన మాట సాధారణంగా వడ్డీ లెక్కలతో ఆగిపోతుంది. అప్పు పుట్టకపోవడం ఎంత ఖరీదో లెక్క కట్టాలంటే ఈ పేటలకు వెళ్లాలి. 1968లో ఫెయిర్ హౌసింగ్ చట్టం ఈ వివక్షను నిషేధించింది. అప్పటికి ఒక తరం ఆస్తి పోగుచేసుకునే కాలం గడిచిపోయింది.

మళ్లీ ఆ 30 ఏళ్ల లెక్కకు వస్తే, 4 లక్షల అప్పులో మొదటి నెల వాయిదా 2,528 డాలర్లలో 2,167 వడ్డీకే పోతుంది. అసలు కింద జమ అయ్యేది 362 లోపు. మిగిలిన అసలు మీదే వడ్డీ లెక్క కాబట్టి నెలనెలా ఈ పాళ్లు కొద్దికొద్దిగా మారతాయి, కానీ మహా నెమ్మదిగా. వాయిదాలో సగం అసలుకు పడే రోజు 20వ ఏట గానీ రాదు. పదేళ్లు క్రమం తప్పకుండా 3.03 లక్షలు కట్టినవారికి తీరిన అసలు 61 వేలలోపే. మోసమేమీ లేదు, స్థిర వాయిదాకు గణితం ఇంతే. అయితే ఎక్కువ కాలం ఉండనివారికి ఈ మొదటి ఏళ్లే మొత్తం కథ.

అమెరికాలోని తెలుగు కుటుంబాలకు ఇది బాగా తగిలే విషయం. డాలస్ శివారు ఫ్రిస్కోలోనో, న్యూజెర్సీలోని ఎడిసన్‌లోనో లక్ష డాలర్లు చేతి నుంచి వేసి 5 లక్షల ఇల్లు కొన్న హెచ్-1బీ కుటుంబం ఉద్యోగం మారో, వీసా కుదరకో ఐదేళ్లకు కదిలిందనుకుంటే, అప్పటికి కట్టిన వాయిదాలు 1.52 లక్షలు, అందులో తీరిన అసలు 25,556. అమ్మకంలో మధ్యవర్తుల కమీషన్ చాలాకాలంగా వాడుకలో ఉన్న 5, 6 శాతం లెక్కన 25 నుంచి 30 వేలు. తీరిన అసలంతా దానికే సరి. కొన్న రోజు పెట్టిన క్లోజింగ్ ఖర్చులు, హక్కుల బీమా రుసుములు వేరే. ధర పెరిగితే గట్టెక్కుతారు, లేకపోతే అద్దెకున్నవారే నయం. గ్రీన్‌కార్డు వరుసలో ఏళ్లకేళ్లు నిలబడేవారు ఇంటి ధర కంటే ముందు అడగవలసిన ప్రశ్న, అక్కడ ఎన్నేళ్లు ఉంటామన్నది.

స్థిర వడ్డీలో మారే రేట్ల భారం అప్పిచ్చినవారి నెత్తిన ఉంటుంది. 1970లలో ధరలు మండిపోయినప్పుడు ఆ భారం ఎంతో తేలింది. 6 శాతానికి 30 ఏళ్ల అప్పులిచ్చిన సేవింగ్స్ అండ్ లోన్ సంస్థలు డిపాజిటర్లకు అంతకు రెట్టింపు ఇవ్వాల్సి వచ్చింది. 1986, 1995 మధ్య వెయ్యికి పైగా మూతపడ్డాయి, సుమారు 12,400 కోట్ల డాలర్లు పన్ను కట్టేవారి మీద పడ్డాయి. పాత అప్పు చేతిలో ఉన్నవారికి మాత్రం అది అదృష్టం: జీతాలు ధరలతో పాటు పెరిగాయి, వాయిదా పెరగలేదు. కొత్తగా కొనేవారికి నరకం. 1981 అక్టోబరులో సగటు వడ్డీ 18.63 శాతానికి చేరింది. ఆ రేటుకు 50 వేల డాలర్లు తెచ్చినవారి మొదటి వాయిదా 779 డాలర్లు. అందులో అసలు కింద పడింది సుమారు 3 డాలర్లు.

ద్రవ్యోల్బణం ఈనాటికీ లెక్కలో ఉండాల్సిందే. ఏటా 3 శాతం చొప్పున ధరలు పెరిగితే 20 ఏళ్ల తర్వాత కట్టే 2,528 డాలర్ల విలువ నేటి 1,400తో సమానం. కాబట్టి 5.10 లక్షల వడ్డీ అని గుండెలు బాదుకోవడం కూడా సగం లెక్కే. ఆ వడ్డీలో పెద్ద భాగం మొదటి ఏళ్లలోనే, విలువ తగ్గని డాలర్లలో పోతుందన్నది మిగతా సగం.

రేట్లు తగ్గినప్పుడు రీఫైనాన్స్ చేయడం అమెరికాలో సర్వసాధారణం. పై అప్పునే ఏడేళ్లు కట్టాక 3.62 లక్షల అసలు మిగులుతుంది. వడ్డీ 5.5కు దిగిందని మళ్లీ 30 ఏళ్లకు రాయించుకుంటే వాయిదా 2,053కు తగ్గుతుంది, నెలకు 475 మిగులు. ఇంట్లో సంబరం. కానీ పాత అప్పు కింద ఇక కట్టాల్సింది 6.98 లక్షలు, కొత్తదాని కింద 7.39 లక్షలు. వడ్డీ ఒక శాతం తగ్గినా మొత్తం 41 వేలు పెరిగింది, గడియారం మొదటికి తిప్పడం వల్ల. అదే కొత్త రేటుకు పాత 2,528నే కడుతూ పోతే అప్పు దాదాపు 43 నెలలు ముందే తీరి లక్షకు పైగా మిగులుతుంది. 475 డాలర్లు మిగిలాయని చెప్పినంత గట్టిగా ఈ రెండో లెక్కను అప్పు అమ్మేవారు చెప్పరు.

‘స్థిర’ వాయిదా కూడా పూర్తిగా స్థిరం కాదు. ఇంటి పన్ను, బీమా సొమ్మును అప్పిచ్చిన సంస్థ నెలనెలా వసూలు చేసి ఎస్క్రో ఖాతాలో వేసి తానే కడుతుంది. టెక్సస్‌లో రాష్ట్ర ఆదాయపు పన్ను లేదని సంతోషించేవారికి ఆ లోటు ఇంటి పన్ను తీరుస్తుంది; 5 లక్షల ఇంటికి 2 శాతమంటే ఏటా 10 వేలు, అప్పు తీరాక కూడా ఆగదు. కాలిఫోర్నియాలో 1978 నాటి 13వ ప్రతిపాదన వల్ల పన్ను కోసం లెక్కించే విలువ ఏటా 2 శాతం మించి పెరగదు, ఇల్లు చేతులు మారేదాకా. 20 శాతం కంటే తక్కువ చేతి నుంచి వేసినవారికి అప్పిచ్చినవారి రక్షణ కోసం మరో బీమా తగులుకుంటుంది. బాకీ ఇంటి తొలి విలువలో 80 శాతానికి దిగాక అడిగి, లేదా 78 దగ్గర దానంతట అదే, రద్దయ్యేలా 1998లో చట్టం తెచ్చారు.

వడ్డీకి పన్ను మినహాయింపు ఉందికదా అనే ఓదార్పు పాతది. 1913లో ఆదాయపు పన్ను పుట్టినప్పటి నుంచీ ఉంది. 2017 చట్టం కొత్త అప్పుల్లో 7.5 లక్షల వరకే దాన్ని పరిమితం చేసి, అందరికీ ఇచ్చే ప్రామాణిక మినహాయింపును దాదాపు రెట్టింపు చేయడంతో ఎక్కువ కుటుంబాలకు దాని అవసరమే పోయింది. ఉన్నవారికైనా 24 శాతం శ్రేణిలో వంద కడితే ఇరవై నాలుగు వెనక్కొస్తుంది, 76 పోయినట్టే.

మొత్తం ఖరీదు కాగితం మీద రాసి చూపాలన్న నిబంధన 1968 నాటి ట్రూత్ ఇన్ లెండింగ్ చట్టంతో మొదలైంది. 2008 సంక్షోభంలో రెండేళ్ల చౌక వడ్డీ ఆశ చూపిన అప్పులు కొంపలు కూల్చాక ఆ పత్రాలను సరిదిద్దారు. 2015 అక్టోబరు నుంచి వాడుకలో ఉన్న క్లోజింగ్ పత్రంలో ఐదో పేజీ మీద, గడువంతా కట్టే వడ్డీ అప్పులో ఎంత శాతమో రాసి ఉంటుంది. పై ఉదాహరణలో ఆ అంకె సుమారు 127.5. తాళాలు అందుకునే తొందరలో ఐదో పేజీ దాకా వెళ్లేవారు అరుదు. అంతకుముందే ఇచ్చే అంచనా పత్రం మూడో పేజీలో మొదటి ఐదేళ్లలో కట్టేదెంత, తీరే అసలెంత అన్నది ఉంటుంది. బేరాలు చూసుకునేవారికి పనికొచ్చేది అది.

2021 జనవరిలో సగటు వడ్డీ 2.65 శాతానికి దిగింది, 2023 అక్టోబరులో 7.79కి ఎగబాకింది. 4 లక్షల మీద మొదటిది నెలకు 1,612, రెండోది 2,877. చౌక అప్పు ఉన్నవారు ఇల్లు అమ్మితే ఆ అప్పు పోతుంది, కొత్త ఇంటికి కొత్త రేటే గతి. అందుకే ఇల్లు ఇరుకైనా, ఉద్యోగం ఇంకో ఊళ్లో దొరికినా కదలనివారు లక్షల్లో ఉన్నారు. ఇల్లు అమ్మగానే బాకీ అంతా చెల్లించాలనే షరతుకు 1982 నాటి గార్న్-సెయింట్ జర్మేన్ చట్టం బలం ఇచ్చింది, అప్పట్లో సేవింగ్స్ సంస్థలను కాపాడటానికి. ఎఫ్‌హెచ్ఏ అప్పులు, మాజీ సైనికుల అప్పులు మాత్రం ఇంటితో పాటు కొనేవారికి బదిలీ చేయవచ్చు. అయితే ఇంటి ధరకూ మిగిలిన బాకీకీ మధ్య తేడాను కొనేవారే సమకూర్చుకోవాలి.