నలుగురు రౌతులు, ఏడు కంచర గాడిదలు

ఆ ఫొటోలో గుర్రాలు అరువు తెచ్చినవి. వాటి మీద ఆట దుస్తుల్లో, బంతులు పట్టుకుని కూర్చున్న కుర్రాళ్లు మాత్రం అసలు సిసలు ఆటగాళ్లు: హ్యారీ స్టూల్‌డ్రేయర్, జిమ్ క్రౌలీ, డాన్ మిల్లర్, ఎల్మర్ లేడెన్. అమెరికాలోని ఇండియానా రాష్ట్రంలో, సౌత్‌బెండ్ పట్నంలో ఉన్న నోటర్‌డేమ్ విశ్వవిద్యాలయం జట్టువాళ్లు. బంతిని కాలితో కంటే చేత్తోనూ భుజబలంతోనూ ముందుకు తీసుకెళ్లే అమెరికన్ ఫుట్‌బాల్ చరిత్రలో ఇంతగా పేరుబడ్డ ఫొటో మరొకటి లేదేమో.

1924 అక్టోబరు 18న న్యూయార్క్ పోలో గ్రౌండ్స్‌లో నోటర్‌డేమ్ 13-7తో ఆర్మీ, అంటే అమెరికా సైనిక అకాడమీ జట్టును ఓడించింది. విరామంలో పత్రికలవాళ్ల మధ్య నిలబడ్డ జార్జ్ స్ట్రిక్లర్ అనే విద్యార్థి, బైబిల్లోని ప్రళయకాలపు నలుగురు రౌతుల పేరుతో రుడాల్ఫ్ వాలెంటినో నటించిన సినిమా సంగతి ఎత్తాడు. కాలేజీ జట్టు ప్రచారం పని చూసేది అతనే. మర్నాడు హెరాల్డ్ ట్రిబ్యూన్‌లో గ్రాంట్‌లండ్ రైస్ తన వార్తను ఆ పోలికతోనే మొదలుపెట్టాడు. స్ట్రిక్లర్ ఊరుకుంటాడా? జట్టు ఇల్లు చేరగానే నలుగురినీ గుర్రాలెక్కించి ఫొటో తీయించాడు.

ఆ నలుగురిలో ఆరడుగులు దాటినవాడు లేడు, 75 కిలోలు తూగేవాడూ లేడు. అంత తేలికపాటి మనుషులు పరుగెత్తాలంటే ముందు దారి తెరవాలి. ఆ మోటు పని చేసిన ఏడుగురికి దక్కిన పేరు కంచర గాడిదలు. వాళ్ల నడుమ నిలిచిన కెప్టెన్ ఆడమ్ వాల్ష్ ఆర్మీతో ఆటను రెండు చేతులూ విరిగి ఉండగానే ఆడాడు, పైగా ప్రత్యర్థి విసిరిన బంతినొకదాన్ని మధ్యలోనే అందుకున్నాడు. రైస్ కలానికి ఆ చేతులు ఆనకపోవడం నాకు ఇప్పటికీ అన్యాయంగానే తోస్తుంది.

వీళ్లందరినీ నడిపిన కోచ్ న్యూట్ రాక్నీ. నార్వేలో పుట్టి, అయిదేళ్లప్పుడు అమెరికా చేరి, షికాగో తపాలా కార్యాలయంలో పనిచేసి, ఆ కూడబెట్టిన డబ్బుతో కాలేజీలో చేరి రసాయనశాస్త్రం చదివినవాడు. ఆటను రెండో శ్రేణి జట్టుతో మొదలుపెట్టించేవాడు. ఎదుటివాళ్లు వాళ్లతో కుస్తీపట్టి అలిశాక, అప్పుడు దించేవాడు రౌతుల్ని.

ఆ ఏడాది ఇండియానాలో గాలి మరోలా ఉంది. కాథలిక్కులన్నా వలసవచ్చినవాళ్లన్నా గిట్టని కూ క్లక్స్ క్లాన్‌కు ఆ రాష్ట్రం కంచుకోట. మే నెలలో క్లాన్ మూక సౌత్‌బెండ్‌కు తరలివస్తే, కాథలిక్ కాలేజీ అయిన నోటర్‌డేమ్ విద్యార్థులు వీధుల్లో తలపడ్డారు. నవంబరులో క్లాన్ అండతో ఎడ్ జాక్సన్ గవర్నరుగా గెలిచాడు. అదే నవంబరులో నోటర్‌డేమ్, అంతకుముందు రెండేళ్లూ తనను ఓడించిన నెబ్రాస్కాను 34-6తో చిత్తుచేసింది. ఐరిష్, ఇటాలియన్, పోలిష్ పేటల్లో ఆ కాలేజీ గడప తొక్కనివాళ్లు కూడా దాన్ని మా జట్టు అన్నారంటే, అందులో ఆశ్చర్యమేముంది!

1925 జనవరి 1న పాసడీనాలో రోజ్ బౌల్, అంటే సీజన్ ముగిశాక ఆహ్వానం మీద ఆడే బౌల్ ఆటల్లో ఒకటి. ఎదురుగా కోచ్ పాప్ వార్నర్ తీర్చిదిద్దిన స్టాన్‌ఫోర్డ్. ఆ సీజన్‌లోనే రెండు చీలమండలూ విరిగిన ఎర్నీ నెవర్స్ పట్టీలు చుట్టుకుని బరిలోకి దిగి, ఒక్కడే 114 గజాలు దూసుకెళ్లాడు. గజాల లెక్కలో చూస్తే పైచేయి స్టాన్‌ఫోర్డ్‌దే. కానీ లేడెన్ రెండుసార్లు వాళ్ల బంతిని గాల్లోనే కాజేసి, ఒకసారి 78 గజాలు, మరోసారి 70 గజాలు పరుగెత్తి, ప్రత్యర్థి గీత దాటి టచ్‌డౌన్లు చేశాడు. స్టాన్‌ఫోర్డ్ చేజార్చిన బంతిని పట్టుకుపోయి ఇంకో టచ్‌డౌన్ చేసింది ఎడ్ హన్‌సింగర్, కంచర గాడిదల్లో ఒకడు. 27-10. పది ఆటలు, పది గెలుపులు. ఆ తర్వాత 1970 దాకా నోటర్‌డేమ్ మళ్లీ బౌల్ ఆట ఆడలేదు.

ఇంతకీ నోటర్‌డేమ్‌ను జాతీయ ఛాంపియన్ అని తేల్చిందెవరు? అప్పట్లో జాతీయ ఫైనల్ అనేదే లేదు. 1926లో ఇల్లినాయ్ విశ్వవిద్యాలయ అర్థశాస్త్ర ఆచార్యుడు ఫ్రాంక్ డికిన్సన్ జట్లకు స్థానాలు ఇచ్చే గణిత పద్ధతి ఒకటి తయారుచేస్తే, షికాగో వ్యాపారి జాక్ రిస్‌మన్ దానికి ట్రోఫీ పెట్టాడు. రాక్నీ ఆ ఆచార్యుణ్ణి భోజనానికి పిలిచి, ఆ లెక్కేదో రెండేళ్లు వెనక్కి, 1924 నుంచే వేయకూడదా అని అడిగాడు. ఆచార్యుడు సరేనన్నాడు. ఆ ఏడాదికి లెక్కలో మొదటొచ్చింది నోటర్‌డేమే.