పడే వస్తువుల శక్తి – ద్రవ్యరాశి ప్రభావం

పైనుంచి పడే వస్తువు నేలను తాకే క్షణంలో దానికుండే శక్తి మూడింటి లబ్ధం: ద్రవ్యరాశి, పడిన ఎత్తు, గురుత్వ త్వరణం. గాలి అడ్డుకోదనుకుంటేనే ఈ లెక్క. ఎత్తు మారకుండా ద్రవ్యరాశి రెట్టింపైతే శక్తీ రెట్టింపవుతుంది. వేగం మాత్రం పెరగదు. విద్యార్థులు తికమకపడేది ఇక్కడే.

15 మీటర్ల చెట్టు మీంచి ఒకటిన్నర కిలోల కొబ్బరికాయ, 100 గ్రాముల పిందె ఒకేసారి రాలాయనుకుందాం. గాలిని పక్కనపెడితే రెండూ గంటకు సుమారు 62 కిలోమీటర్ల వేగంతో నేలను చేరతాయి. కాయ శక్తి దాదాపు 220 జౌళ్లు, పిందెది 15 జౌళ్లకు కాస్త తక్కువ. కాయను భూమి పదిహేను రెట్లు గట్టిగా లాగుతుంది. కానీ దాన్ని కదిలించడానికీ పదిహేను రెట్ల బలం కావాలి. అందుకే వేగంలో తేడా రాదు.

దెబ్బ తీవ్రత శక్తి ఒక్కదానితోనే తేలదు. ఆ కాయ ఇసుకలో 5 సెంటీమీటర్లు దిగబడి ఆగితే సగటు బలం సుమారు 4,400 న్యూటన్లు. గట్టినేల మీద అర సెంటీమీటరులోనే ఆగిపోతే బలం పది రెట్లవుతుంది.

శక్తిని ఎలా కొలవాలన్నది ఒకప్పుడు పెద్ద వివాదం. ద్రవ్యరాశిని వేగంతో గుణిస్తే చాలని దెకార్త్ అనుయాయులు అన్నారు. వేగ వర్గంతో గుణించాలని 1686లో లైబ్నిజ్ వాదించాడు. వాదనకన్నా బాగా పనిచేసింది మెత్తటి పదార్థం. ఇటలీలో పొలేని 1718లో ప్రకటించిన ప్రయోగాల్లో ఒకే పరిమాణం, వేర్వేరు బరువులున్న గోళాలను కొవ్వు మీద పడేశాడు. హాలండ్‌లోని లైడెన్‌లో గ్రావెసాండె ఇత్తడి గోళాలను బంకమట్టి మీద వదిలాడు. రెట్టింపు బరువున్న గోళాన్ని సగం ఎత్తు నుంచి వదిలితే గుంట లోతు అంతే వచ్చింది. ద్రవ్యరాశి, వేగాల లబ్ధమే కొలమానమైతే బరువైన గోళానికి అది 1.4 రెట్లు ఎక్కువ. గుంట కూడా లోతుగా పడాలి. పడలేదు. అంతవరకూ ఆ లబ్ధాన్నే కొలమానంగా నమ్మిన గ్రావెసాండె తన అభిప్రాయం మార్చుకున్నాడు. ఫ్రాన్సులో ఎమిలీ దు షాత్లే 1740 నాటి తన భౌతికశాస్త్ర గ్రంథంలో లైబ్నిజ్ పక్షం వహించింది. గతిజ శక్తి సూత్రంలో నేడు కనిపించే ‘సగం’ గుణకాన్ని 1829లో కోరియోలిస్ స్థిరపరిచాడు.

గాలిలో కథ మారుతుంది. గాలి నిరోధం వేగంతో పాటు పెరిగి, చివరకు బరువుతో సమానమవుతుంది. అక్కడ వేగం స్థిరపడుతుంది. దీన్నే చరమ వేగం అంటారు. ఒకే ఆకారం, పరిమాణం ఉన్న రెండు వస్తువుల్లో నాలుగు రెట్లు బరువైనదానికి ఈ వేగం సుమారు రెట్టింపు, శక్తి పదహారు రెట్లు. 2.7 గ్రాముల టేబుల్ టెన్నిస్ బంతి ఎంత ఎత్తు నుంచి పడినా సెకనుకు దాదాపు 9 మీటర్లు దాటదు. అదే పరిమాణమున్న ఉక్కు గోళాన్ని మేడ మీంచి వదిలితే గాలి ప్రభావం దాదాపు కనిపించదు.

గాలి లేని చోట పరీక్ష 1971 ఆగస్టు 2న జరిగింది. అపోలో 15 వ్యోమగామి డేవిడ్ స్కాట్ చంద్రుడి మీద 1.32 కిలోల సుత్తినీ, 30 గ్రాముల డేగ ఈకనూ సుమారు 1.6 మీటర్ల ఎత్తు నుంచి ఒకేసారి వదిలాడు. రెండూ కలిసే నేలను తాకాయి. సుత్తి శక్తి మాత్రం ఈక శక్తికి 44 రెట్లు.